పావ్లే వుయిసిచ్ : సామాన్యుని పాత్రకు ప్రాణము పోసిన నటుడు

చలనచిత్రములలో నాయకుని పేరు పెద్ద అక్షరములలో కనబడును. కథకు ఊపిరి పోయు ఇతర పాత్రధారుల పేర్లు చిన్న అక్షరములలో వచ్చి మాయమగును. కాని కాలము గడచిన కొలది ప్రేక్షకుల మనస్సులలో నిలుచునవి కొన్ని వేళల ఆ చిన్న అక్షరములే. అట్టి భాగ్యమునకు నోచుకొన్నవాడు సెర్బియా నటుడు పావ్లే వుయిసిచ్.

ఇతడు 1926 జూలై 10వ తేదీన బెల్‌గ్రేడు నగరమున జన్మించెను. ఇతనికి పదునాలుగేండ్లు నిండిన పిమ్మట, 1941 ఏప్రిల్ 6న, జర్మను విమానములు ఆ నగరముపై బాంబులు కురిపించెను. యుద్ధానంతరము న్యాయశాస్త్రము చదువ నారంభించెను గాని పూర్తిచేయలేదు. బెల్‌గ్రేడు రేడియోలో విలేఖరిగా పనిచేసెను. నాటక విద్యాలయమున ప్రవేశము కోరగా చోటు లభింపలేదు. అయినను 1950లో వెలువడిన 'అద్భుత ఖడ్గము' అను జానపద చిత్రమున చిన్న వేషముతో తెరపై కాలుమోపెను. విద్యాలయము మూసిన తలుపును జీవితమే తెరచినది.

స్థూలకాయము, బొంగురు గొంతు, తొందరలేని నడక — ఇవియే అతని సాధనములు. లారీ డ్రైవరు, పల్లెటూరి రైతు, ముసలి తాత మొదలగు పాత్రలు అతనికి కరతలామలకములు. 1970 దశాబ్ది తొలినాళ్ళలో హాస్యనటుడు చ్కాల్యాతో కూడి లారీ డ్రైవర్ల కథగా వచ్చిన టెలివిజన్ ధారావాహికలో నటించి ఇంటింటికి పరిచితుడయ్యెను. ఆర్భాటమునకు దూరముగా నుండుటయు, నదిపై పడవలో కాలము గడపుటయు అతనికి ప్రియము.

అతని కీర్తికి శిఖరము 1980లో స్లొబొదాన్ షియాన్ దర్శకత్వమున వెలువడిన 'అక్కడ పాడునది ఎవరు?' అను చిత్రము. రచయిత దూషాన్ కొవాచెవిచ్. 1941 ఏప్రిల్ 5న, అనగా బాంబుల దాడికి ముందురోజున, ఒక పాత బస్సు బెల్‌గ్రేడుకు బయలుదేరును. వుయిసిచ్ అందు కండక్టరు. బస్సును నడుపువాడు అతని కుమారుడు. పందులను సైతము అదే బస్సులో ఎక్కించి, మనుష్యుల వద్ద టికెట్లకు మాత్రము నిక్కచ్చిగా పైకము వసూలుచేయు ఆ కండక్టరును చూచి నవ్వనివారుండరు. తుదకు నగరము చేరిన పిదప ప్రయాణికులు ఇద్దరు జిప్సీ గాయకులపై దొంగతనము మోపి కొట్టుచుండగా బాంబులు పడును. ఆ గాయకులిద్దరు తప్ప ఎవ్వరును మిగులరు. నవ్వించిన చిత్రమే కడపట మన మనస్సును నిలదీయును. అల్పమైన కోపతాపములలో మునిగిన జనులకు నెత్తిమీది ప్రళయము కానరాలేదు. 1996లో యుగోస్లావియా చలనచిత్ర విద్వాంసుల మండలి దీనిని 1947–1995 నడుమ నిర్మితమైన సెర్బియా చిత్రములలో ఉత్తమమైనదిగా ఎన్నుకొనెను.

1982లో, శవపేటికల వ్యాపారము చేయు తొపాలొవిచ్ వంశపు కథలో, ఆ ఇంటి పెద్దలలో ఒకడుగా నటించెను. 1985లో కాన్ ఉత్సవమున స్వర్ణతాళపత్ర బహుమానము పొందిన ఎమిర్ కుస్తురిత్సా చిత్రమున తాత పాత్ర ధరించెను. అందు రాజకీయ కారణముల వలన నిర్బంధితుడైన తండ్రి 'ఆఫీసు పనిపై టూరు వెళ్ళినా'డని బాలునకు చెప్పుదురు. టూరు అనుమాట నిత్యము వినబడు ఉద్యోగుల ఇండ్లలో ఆ అబద్ధపు బరువు మరింత తెలియును.

1988 అక్టోబరు 1న ఒపాతియా పట్టణమున అతడు కన్నుమూసెను. మరి నాలుగేండ్లు గడవక మునుపే అతడెరిగిన యుగోస్లావియా విచ్ఛిన్నమైపోయెను. సరిహద్దులు మారినవి గాని, ఆ బస్సు కండక్టరు మాత్రము సరిహద్దుల కావలనున్నవారిని గూడ నేటికిని నవ్వించుచునే యున్నాడు.

నీష్ నగరమున జరుగు నటనోత్సవమున జీవితకాల కృషికి ఇచ్చు పురస్కారమునకు 'పావ్లే వుయిసిచ్' అని పేరు. నాటక విద్యాలయమున చోటు దొరకనివాని పేరే నేడు నటులకు గౌరవచిహ్నమైనది. విద్య గొప్పదే, కాని ప్రవేశ పరీక్ష యొక్కటే మనుష్యుని విలువకు కొలబద్ద కాదని ఈ జీవితము చాటుచున్నది.