సాంచాల ఇంటికి సూది వచ్చిన కథ

నేతగాడికి సూదితో పని లేదు. చీరె, పంచె, కండువా మగ్గం దిగితే కట్టుకోవడమే. అంచు నేతలోనే పడుతుంది, పోగు ఊడదు. మన తెలంగాణ పల్లెల్లో నేత పద్మశాలీలది, కుట్టు మేరవాళ్లది.

కరీంనగర్, నల్లగొండ వైపు నుంచి భివండీ వచ్చిన మనవాళ్లు సాంచాల మీద నిలబడ్డారు. 1982 జనవరిలో బొంబాయి మిల్లుల సమ్మె మొదలయ్యాక సాంచాలకు గిరాకీ ఇంకా పెరిగింది. కానీ సాంచా నుంచి దిగేది ఎక్కువగా తానుబట్ట. కత్తెర, కుట్టు పడందే ఒంటి మీదికి రాదు. పైగా మగ్గం ఇంట్లో ఉండేది, పక్కనే ఆడవాళ్లు కండెలు చుట్టేవారు. సాంచా సేటు కార్ఖానాలో ఉంటుంది. అలా పని పోయిన చేతులు షోలాపూర్‌లో బీడీలు పట్టాయి. ఠాణే నుంచి భివండీ వచ్చే దారిలోని మా కాశేలిలో కొన్ని కుట్టుమిషను పట్టాయి.

మా ఆవిడ నేర్చుకునే రోజుల్లో పక్కన కూర్చుని చూశాను. మొదట దారం లేకుండా గీతల కాగితం మీద మిషను తొక్కాలి, చిల్లులు గీత మీదే పడాలి. తర్వాత రెండు ముక్కల మంచివైపులు కలిపి, అంచుకు అరంగుళం లోపల తిన్నగా కుట్టాలి. మొదట్లోనూ చివర్లోనూ రెండు పోట్లు వెనక్కి వెయ్యకపోతే కుట్టు విడిపోతుంది. కత్తిరించిన అంచుకు నేసిన అంచు బలం ఉండదు, పోగులు రాలతాయి. అందుకే ఒక అంచు తగ్గించి, రెండోదాన్ని దాని మీదికి మడిచి మళ్లీ కుట్టాలి. మీ చొక్కా పక్క కుట్టు తిప్పి చూడండి. మన పిల్లలు తొందరగా అందుకున్నది ఇక్కడే. పడుగు ఎటో, పేక ఎటో వేళ్లతోనే చెప్పగలరు. పడుగు వెంట కత్తిరిస్తే కుట్టు నిలుస్తుంది, ఏటవాలుగా కత్తిరిస్తే సాగుతుంది.

అసలు మిషనే మనకు చుట్టం. 1846లో అమెరికాలో దానికి పేటెంటు పొందిన ఎలియాస్ హోవ్, కుర్రతనంలో లోవెల్ ఊరి బట్టల యంత్రాల కార్ఖానాలో పనిచేసినవాడు. ఆయన మిషనులో కింది దారాన్ని మోసింది నాడె! పై దారమూ కింది దారమూ గుడ్డ మధ్యలో మెలిపడితేనే కుట్టు.

బ్యాంకువాణ్ణి కనుక ఇంకో మాట. 1972 నాటి నాలుగు శాతం వడ్డీ పథకం కింద, ఆ తర్వాతి పథకాల కింద కుట్టుమిషను దరఖాస్తులు నా బల్ల మీదికి చాలా వచ్చాయి. కుటుంబ వృత్తి: నేత. అప్పు దేనికి: కుట్టుమిషను. 2023 సెప్టెంబరులో కేంద్రం మొదలుపెట్టిన విశ్వకర్మ పథకంలో 18 వృత్తులున్నాయి. వాటిలో దర్జీ ఉన్నాడు. పనిముట్లకు 15,000 రూపాయలు, ఐదు శాతం వడ్డీకి అప్పు. నేతగాడు ఆ జాబితాలో లేడు. చేనేతకు వేరే పథకాలున్నాయి, నిజమే. సాంచా నడిపే కూలీని చేనేతవాడనీ అనరు. కుట్టుపని చేసే అతని కూతురు మాత్రం ఆ జాబితాలోని దర్జీ కిందికి వస్తుంది.