నివురు కింది మాట

పావగడ అంటే ఇప్పుడు అందరికీ సోలార్ పార్కే గుర్తొస్తుంది. తిరుమణి, బాలసముద్రం, వల్లూరు, రాయచెర్లు, క్యాతగానచెర్లు ఊళ్ల పొలాల్లో సుమారు 13 వేల ఎకరాల మేర పలకలు, 2,050 మెగావాట్లు. తాలూకా ఉండేది కర్ణాటకలోని తుమకూరు జిల్లాలో. చుట్టూ దాదాపు ఆంధ్ర నేలే. ఊరి పేర్లలోని ఆ 'చెర్లు' మన చెరువులే.

ఇంత కరెంటు పుట్టే చోట నేను ఎత్తుకున్నది మాత్రం పొయ్యిలో నిప్పు సంగతి. బీడీ ముట్టిస్తాం. పగవాడి వామికి నిప్పంటిస్తారు. ముట్టడం తాకడమే, అంటడం అతుక్కోవడమే. పక్కనున్న కన్నడం 'హత్తిసు' అన్నా అదే ఊహ. రాజేయడం వేరు. దానికి అడుగున కాస్తయినా నిప్పుండాలి. రాత్రి వంటయ్యాక కణికను బూడిదలో కప్పెట్టేవాళ్లు. తెల్లారి నివురు తోసి, చితుకులో వేరుశనగ పొట్టో వేసి, కళ్లు ఎర్రబడేదాకా ఊదుగొట్టంతో ఊదితే రాజుకునేది. ఆరిపోయిందా, పిడక పట్టుకుని పక్కింటికి పోవడమే. లేదంటే చెకుముకి.

ఇంగ్లండు పల్లెల్లోనూ ఇలాంటి మాటొకటి ఉండేది: 'టిండ్'. నిప్పు ముట్టించడమని అర్థం. 1898 నుంచి 1905 దాకా ఆరు సంపుటాలుగా వెలువడిన జోసెఫ్ రైట్ మాండలిక నిఘంటువులో అది చోటు చేసుకుంది. 1827లో జాన్ వాకర్ అగ్గిపుల్లలు అమ్మడం మొదలుపెట్టాక మెల్లగా చెకుముకి డబ్బా అటకెక్కింది. మాటా దాని వెంటే పోయింది. రవ్వ పట్టే పేలికకున్న 'టిండర్' అనే పేరు మాత్రం మిగిలింది. ఇప్పుడు ఆ పేరుగల యాప్‌లో కుర్రకారు జోడీలు వెతుక్కుంటున్నారు. అదీ రాజేసే పనే అనుకోండి!

మన మాట చావలేదు, ఇల్లు మారింది. 2016లో ఉజ్వల పథకం వచ్చాక గ్యాస్ మరిన్ని పల్లె వంటిళ్లకు చేరింది. లైటర్ నొక్కితే మంట. ఊదే పని లేదు, రాజేసే పని లేదు. ఆ మాట వచ్చి మా పత్రికల శీర్షికల్లో కూర్చుంది. వివాదం రాజుకుంది, చిచ్చు రాజేశారు. గంజి కాచుకోవడానికి పుట్టిన మాటను కొట్లాటలకు అప్పజెప్పింది మేమే.

కట్టెల పొయ్యి ఊదిన అవ్వ మీ ఇంట్లో ఉంటే, పొద్దున్నే నిప్పు చేయడాన్ని ఏమనేదో అడగండి. పావగడ అయినా పాలమూరు అయినా సరే, ఊరి పేరుతో సహా మాకు రాసి పంపండి.