మూకీ తెరపై గుర్రపు ఆటలు: పాలమూరు నుంచి ఒక పరిశీలన

వనపర్తి సంస్థానాధీశుడు మొదటి రాజా రామేశ్వరరావు ఆఫ్రికా మూలాలున్న సిద్దీలతో అశ్వదళం నడిపాడు. 19వ శతాబ్దంలోనే అది నిజాం కొలువుకు చేరింది. హైదరాబాద్‌లోని ఏసీ గార్డ్స్ బస్తీ ఆ ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ పేరిటే ఉంది. ఆరో నిజాం ఆస్థానంలో రాజా దీన్‌దయాళ్ లాంటి ఫొటోగ్రాఫరూ ఉన్నాడు. గుర్రమూ ఉంది, కెమెరా కూడా ఉంది. అంతమాత్రాన గుర్రపు ఆటలు సినిమాకెక్కి ఉంటాయని అనుకోవడం తొందరపాటు.

నేజాబాజీనే తీసుకోండి. నేలలో దిగ్గొట్టిన కొయ్య మేకును, దౌడు తీస్తున్న గుర్రం మీంచి ఈటెతో పెకలించుకుపోవాలి. 1982 ఢిల్లీ ఆసియా క్రీడల్లో కూడా ఈ పోటీ పెట్టారు. కానీ తొలినాటి సినిమా కెమెరా స్టాండు మీంచి కదలదు. సినిమాకు ఆద్యులైన లూమియేర్ సోదరుల రీలు సుమారు 17 మీటర్లు, ఆడేది 50 సెకన్లు. గంటకు 40 కిలోమీటర్ల వేగంతో వచ్చే గుర్రం పది మీటర్ల మేర కనిపించే చట్రాన్ని సెకను లోపే దాటేస్తుంది. సెకనుకు 16 బొమ్మల లెక్కన, మేకు లేచే ఘట్టం పదిహేను బొమ్మల్లో ముగిసిపోతుంది.

అందుకే కాబోలు, తొలి చిత్రాలకు దొరికినవి ఒకేచోట జరిగే విన్యాసాలు. 1894లో ఎడిసన్ కంపెనీ తీసిన ‘బకింగ్ బ్రాంకో’లో పొగరుబోతు గుర్రం దొడ్డిలోనే ఎగిరి దూకుతుంది. 1895లో లూమియేర్ ‘వోల్తీజ్’లో ఒకడు గుర్రమెక్కబోయి పదేపదే పడతాడు. అది నిజమైన సాధనా, నవ్వించడానికి ఆడిన నాటకమా? నాకైతే రెండోదే అనిపిస్తుంది. తెరమీద కనిపించినంత మాత్రాన అది క్రీడాచరిత్ర కాదు.

ఇక మన హైదరాబాద్‌లో దర్శకుడు ధీరేన్ గంగూలీ 1922లో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. ఆయన తీసినవి కథాచిత్రాలే. 1924లో ‘రజియా బేగం’ ప్రదర్శించినందుకు హైదరాబాద్ సంస్థానం విడిచిపెట్టాల్సి వచ్చింది. దేశంలో తయారైన సుమారు 1,300 మూకీల్లో మిగిలినవి ముప్పై లోపే. ఈ లెక్క చూశాక, ఒక్క తునక కూడా విలువైనదే.

వనపర్తి, గద్వాల గడీల్లోనో, నల్లగొండ పాత ఇళ్ల అటకల మీదో తుప్పుపట్టిన రీలు డబ్బా కనిపిస్తే, ప్రొజెక్టర్‌కు ఎక్కించకండి, ఎండలో పెట్టకండి. ఆనాటి నైట్రేట్ ఫిల్మ్ ఇట్టే అంటుకుంటుంది. డబ్బా మీది రాతను ఫొటో తీసి, ముందు పుణెలోని జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు కబురు చేయండి.