హత్యాయత్నం: ఉద్దేశం, సాక్ష్యం

చంపాలన్న ఉద్దేశంతోనో, ప్రాణం పోతుందన్న ఎరుకతోనో దాడి చేసినప్పుడు ఎదుటి మనిషి బతికి బయటపడినా అది హత్యాయత్నమే. భారతదేశంలో ఈ నేరానికి 2024 జూన్ 30 దాకా శిక్షాస్మృతి 307వ సెక్షన్ వర్తించేది. జూలై 1 నుంచి జరిగిన నేరాలకు భారతీయ న్యాయ సంహిత 109వ సెక్షన్ వర్తిస్తుంది. పదేళ్ల దాకా జైలు, జరిమానా విధించవచ్చు. గాయమైతే శిక్ష యావజ్జీవం దాకా వెళ్లవచ్చు. విచారణ సెషన్స్ కోర్టులో జరుగుతుంది.

గాయం పెద్దదైతేనే కేసు నిలుస్తుందని చాలామంది నమ్ముతారు. చట్టంలో ఆ షరతు లేదు. 1931 జూలైలో పుణె ఫెర్గూసన్ కళాశాలలో విద్యార్థి వాసుదేవ బలవంత్ గోగటే, బొంబాయి తాత్కాలిక గవర్నరు ఎర్నెస్ట్ హాట్సన్‌ మీద చాలా దగ్గర నుంచి పిస్తోలు పేల్చాడు. జేబులోని తోలు పర్సు, నోట్లు అడ్డుపడి హాట్సన్ బతికాడు. అయినా బొంబాయి హైకోర్టు 307 కింద శిక్షను ఖాయం చేసింది. 1961లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పిన పంజాబ్ కేసులో ఆయుధమే లేదు. భర్త భార్యను ఇంట్లో బంధించి, తిండి పెట్టకుండా మాడ్చాడు. తలుపు తాళం లేని ఒకరోజు ఆమె తప్పించుకుని లుధియానా ఆసుపత్రి చేరింది. ప్రాణం పోయే చివరి అంచు దాకా రాకపోయినా అది హత్యాయత్నమేనని కోర్టు తేల్చింది.

మనసులోని ఉద్దేశానికి పంచనామా ఉండదు కాబట్టి కోర్టు దాన్ని చేసిన పని నుంచే రాబట్టాలి. వాడిన ఆయుధం ఏమిటి, దెబ్బ మెడ మీద పడిందా పిక్క మీద పడిందా, ఎన్ని పోట్లు, ఎంత లోతు, పాత పగ ఉందా, దాడి చేస్తూ ఏమన్నాడు అన్నవన్నీ చూస్తుంది. తానే ఆగిపోయాడా, జనం పట్టుకుంటే ఆగాడా అన్నది నా దృష్టిలో చాలా విలువైన ప్రశ్న. డాక్టరు ఇచ్చే గాయాల సర్టిఫికెట్‌లో ‘సాధారణ గాయం’ అని రాసినంత మాత్రాన కేసు కూలిపోదు.

సాక్ష్యంలో గాయపడిన మనిషి మాటకు ప్రత్యేక బరువుంది. ఒంటి మీది గాయమే అతను అక్కడ ఉన్నాడని చెబుతుంది. అసలు దోషిని వదిలి మరొకరిని ఇరికించే అవసరం అతనికి సాధారణంగా ఉండదు. ఇంతమంది సాక్షులు ఉండాలన్న లెక్క కూడా లేదు. 1957 నాటి వడివేలు తేవర్ తీర్పు ప్రకారం పూర్తిగా నమ్మదగిన ఒక్క సాక్షి చాలు. సగం నమ్మదగిన సాక్షి అయితే వేరే ఆధారం తోడు కావాలి. చుట్టమైనంత మాత్రాన, తర్వాత అడ్డం తిరిగినంత మాత్రాన ఆ సాక్ష్యం మొత్తాన్ని తోసిపుచ్చరు.

ఆసుపత్రి మంచం మీద మేజిస్ట్రేటు రాసుకున్న వాంగ్మూలం, ఆ మనిషి బతికితే మరణ వాంగ్మూలంగా చెల్లదు. అతనే బోనెక్కి చెప్పాలి. ఆ పాత వాంగ్మూలం అతని మాటకు బలంగానో, దాన్ని ఖండించడానికో పనికొస్తుంది. 1993 నాటి చిలకలూరిపేట బస్సు దహనం కేసులో ఇలాంటి వాంగ్మూలాలను, రాసుకునేసరికి వ్యవధి గడిచిపోయిందన్న కారణంతో, ఘటనలో భాగంగా పరిగణించలేమని సుప్రీంకోర్టు 1996లో చెప్పింది.

చంపే ఉద్దేశం రుజువు కాకపోయినా, మారణాయుధంతో తీవ్రంగా గాయపరిచినట్టు రుజువైతే న్యాయ సంహిత 118వ సెక్షన్ కింద శిక్ష పడుతుంది.