కోర్టు ఉత్తర్వు కాగితంగానే మిగిలిపోతే?

హెర్న్‌డన్ చుట్టుపక్కల పనిచేసుకుంటున్న మనలో చాలామందికి ఊళ్లో ఓ స్థలమో పొలమో ఉంటుంది, దాని మీద ఓ కేసూ ఉంటుంది. కోర్టు స్టే ఇచ్చిందని ఇంటి నుంచి ఫోన్ వస్తే ఊపిరి పీల్చుకుంటాం. ఆ ఉత్తర్వును అవతలివాళ్లు లెక్కచేయకపోతే ఏంటి దారి? దానికే కోర్టు ధిక్కార కేసు. అది ఎలా నడుస్తుందో రెండు చోట్ల జరిగిన చరిత్ర చూద్దాం.

మొదటిది గుంటూరు జిల్లా అడవి తక్కెళ్లపాడుది. అక్కడ గుడిసెలు వేసుకున్న పేదల్ని ఖాళీ చేయించొద్దని 2013 డిసెంబరులో హైకోర్టు చెప్పింది. అయినా 2014 జనవరిలో అప్పటి తహసీల్దారు పోలీసుల్ని వెంటబెట్టుకుని గుడిసెలు పీకించేశాడు. బాధితులు ఊరుకోలేదు, ధిక్కార పిటిషన్ వేశారు. 2015లో హైకోర్టు ఆయనకు రెండు నెలల జైలు వేసింది. అప్పీళ్ల మీద అప్పీళ్లు నడిచాయి. ఈలోగా ఆయన డిప్యూటీ కలెక్టర్ కూడా అయ్యాడు. చివరికి 2025 మే 9న సుప్రీంకోర్టు జైలు బదులు ఆయన్ని మళ్లీ తహసీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయల జరిమానా కట్టమంది. పదకొండేళ్లు పట్టింది. కానీ ఎంత పెద్ద ఆఫీసరైనా కోర్టు మాటకు లోబడాల్సిందేనని తేలింది.

రెండోది మనముంటున్న వర్జీనియాదే. రాష్ట్రం నైరుతి కొసన బొగ్గు గనులున్నాయి. అక్కడి పిట్‌స్టన్ కంపెనీ రిటైరైన కార్మికులకు, వితంతువులకు వైద్య ఖర్చులివ్వడం ఆపేసింది. 1989 ఏప్రిల్‌లో గని కార్మికులు సమ్మెకు దిగారు. కంపెనీ కోర్టుకెళ్లింది. దారులు అడ్డగించొద్దని జడ్జి ఉత్తర్వు ఇచ్చారు. కార్మికులు రోడ్ల మీద కూర్చోవడం మానలేదు. తప్పు జరిగిన ప్రతిసారీ జరిమానా పెరుగుతూ 6 కోట్ల 40 లక్షల డాలర్లు దాటింది. 1990 ఫిబ్రవరిలో ఒప్పందం ఖరారై సమ్మె ముగిసినా, జరిమానాల గొడవ మిగిలింది. 1994లో అమెరికా సుప్రీంకోర్టు ఆ జరిమానాలు చెల్లవంది. ఇంత భారీ శిక్ష వేయాలంటే జ్యూరీ ముందు విచారణ జరగాలని చెప్పింది.

అంటే ధిక్కారం కేసు పేదవాడికి అండగానూ నిలుస్తుంది, కార్మికుడి మెడకూ చుట్టుకుంటుంది. అందుకే ఉత్తర్వు మనకు అనుకూలమైనా వ్యతిరేకమైనా చదివి అర్థం చేసుకోవాలి. నచ్చకపోతే అప్పీలు చేయాలి గానీ పక్కన పడేయకూడదు.

ఇండియాలో కేసులున్నవాళ్లు 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం గురించి మూడు సంగతులు గుర్తుపెట్టుకోండి. అవతలివాళ్లు కావాలనే ఉత్తర్వు ధిక్కరించారని చూపించాలి. అందుకు ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ వాళ్లకు అందినట్టు రుజువు దగ్గరుంచుకోవాలి. స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోవడం మంచిది. అన్నిటికన్నా ముఖ్యం గడువు. ధిక్కారం జరిగిన ఏడాదిలోగా కోర్టుకు వెళ్లాలి. వచ్చే సెలవులకు ఇంటికెళ్లినప్పుడు చూద్దాంలే అనుకుంటే ఆ ఏడాది ఇక్కడే గడిచిపోతుంది. ఈరోజే ఊళ్లో వకీలుకు ఫోన్ చేసి, ఉత్తర్వు ఎవరికి, ఏ తేదీన అందిందో అడగండి.