తెలుగు తెర మీద లండన్ ముద్ర

తెలుగు సినిమా పుట్టుక గురించి మాట్లాడుకునేటప్పుడు మద్రాసు పేరు వస్తుంది, బొంబాయి పేరు వస్తుంది, కలకత్తా పేరూ వస్తుంది. లండన్ పడమటి శివారులోని ఈలింగ్ పేరు మాత్రం అరుదుగా వినిపిస్తుంది. విల్ బార్కర్ అనే నిర్మాత 1902లో అక్కడ ఒక బంగళానూ దాని తోటనూ కొని సినిమాలు తీయడం మొదలుపెట్టాడు. 1913లో విక్టోరియా రాణి జీవితాన్ని తెరకెక్కించి పెద్ద పేరు తెచ్చుకున్నాడు. ఆ బార్కర్ కంపెనీలోనే మన రఘుపతి సూర్యప్రకాశ్ పని నేర్చుకున్నాడు. తండ్రి రఘుపతి వెంకయ్య నాయుడుది మచిలీపట్నం. మద్రాసులో ఫొటో స్టూడియో నడుపుతూ, 1910 ప్రాంతంలో బొమ్మతోపాటు గ్రామఫోను శబ్దం కూడా వినిపించే క్రోనోమెగాఫోన్ అనే యంత్రాన్ని కొన్నాడు. దాని ధర రూ.30,000 అని చెబుతారు. దాన్ని వెంటబెట్టుకుని బెంగుళూరు, సింహళం, రంగూను తిరిగి ఆటలు వేశాడు. తర్వాత మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ హాళ్లు కట్టించాడు. ఊరూరా తిరిగి బొమ్మ చూపించిన మనిషికి, ఆ బొమ్మ తీసే పని కూడా మన చేతికి రావాలన్న పట్టుదల కలిగింది. అందుకే కొడుకును సీమకు పంపాడు. ప్రకాశ్ తిరిగొచ్చాక 1921లో తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ ఫిలింస్ స్థాపించి ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు. తెలుగువాళ్లు తీసిన తొలి కథాచిత్రంగా దాన్నే చెప్పుకుంటాం. గంగ వేషం వేసింది పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్లో ఇండియన్ నటి. ఆ సినిమా ప్రతి ఇప్పుడు లేదు.

బ్రిటిష్ సినిమా చరిత్ర తెలుగు నేలను తాకిన మొదటి చోటు ఇదే. అయితే ఆ తాకిడి వల్ల మనకు దక్కిందేమిటి, నిలిచిందేమిటి అన్నది జాగ్రత్తగా చూడాలి. బ్రిటిష్ సినిమాలు మన దగ్గర నిలవలేదు. వాళ్ల దగ్గర నేర్చిన పని ఒక్క తరంలోనే మన సొంతమైపోయింది. వందేళ్లు గడిచినా చెక్కుచెదరకుండా నిలిచింది వాళ్లు రాసిచ్చిన చట్టం. తెలుగు సినిమా మీద లండన్ ముద్రను స్టూడియోల్లో వెతికితే దొరకదు, లైసెన్సు కాగితాల్లో, సెన్సార్ సర్టిఫికెట్‌లో దొరుకుతుంది.

ముందు పని సంగతి. ప్రకాశ్ కన్నా ముందే దాదాసాహెబ్ ఫాల్కే 1912లో లండన్ వెళ్లి, వాల్టన్‌లోని సెసిల్ హెప్‌వర్త్ స్టూడియోలో సినిమా తీసే విధానం దగ్గరుండి చూసి, విలియమ్సన్ కెమెరా కొనుక్కుని వచ్చాడు. మరుసటి ఏడే ‘రాజా హరిశ్చంద్ర’ వచ్చింది. హెప్‌వర్త్, విలియమ్సన్, బార్కర్ ముగ్గురూ బ్రిటిష్ సినిమా తొలి తరం వాళ్లు. అంటే మరాఠీ నేలకూ తెలుగు నేలకూ సినిమా చేతిపని ఒకే తరం బ్రిటిష్ పనివాళ్ల దగ్గర నుంచి వచ్చిందన్నమాట. దీనికి ఒక అభ్యంతరం ఉంది. వెంకయ్య కొన్న క్రోనోమెగాఫోన్ ఫ్రాన్సుకు చెందిన గోమాంట్ కంపెనీది, ప్రకాశ్ ఇంగ్లండుతో ఆగకుండా మిగతా దేశాలూ తిరిగాడు, మరి దీన్ని బ్రిటిష్ వారసత్వం అనడమేమిటని అడగవచ్చు. అడగవలసిన మాటే. చేతిపనికి దేశం ఉండదు. ఎవరి దగ్గర నేర్చుకున్నా చేయగా చేయగా అది చేసేవాడిదైపోతుంది. ప్రకాశ్ దగ్గర పనిచేసిన సి.పుల్లయ్య కాకినాడ మనిషి. ఆయన 1934లో తీసిన ‘లవకుశ’ చూడటానికి జనం బళ్లు కట్టుకుని వచ్చారంటారు. ఆ సినిమాలో ఈలింగ్ ఎక్కడా కనపడదు, సురభి నాటకం కనపడుతుంది, హరికథ వినపడుతుంది. టాకీలు వచ్చాక మన స్టూడియోలు వాడిన మిషన్లు ఎక్కువగా అమెరికావి, కెమెరాలు అమెరికావో ఫ్రాన్సువో. చేతిపనిలో లండన్ పాత్ర మొదటి పాఠం వరకే. ఆ పాఠానికి మనం కృతజ్ఞతగా ఉండాలి, అంతకుమించి దానికి గొప్ప ఆపాదించనక్కరలేదు.

ఇక బ్రిటిష్ సినిమాల సంగతి. పాలకుల సినిమా పాలితుల దేశంలో విరగబడి ఆడి ఉంటుందని అనుకోవడం సహజం. జరిగింది వేరు. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత బ్రిటన్‌ సొంత తెరనే అమెరికా సినిమా ఆక్రమించింది. 1926 నాటికి అక్కడి హాళ్లలో ఆడే సినిమాల్లో స్వదేశీవి 5 శాతం దగ్గరికి పడిపోయాయి. అప్పుడు పార్లమెంటు 1927లో సినిమాటోగ్రాఫ్ ఫిలింస్ చట్టం చేసి, ప్రతి హాలూ ఏటా ఇన్ని బ్రిటిష్ సినిమాలు ఆడించి తీరాలని కోటా పెట్టింది. కోటా నింపడానికి చౌకగా, హడావుడిగా చుట్టేసిన సినిమాలు కుప్పలుతెప్పలుగా వచ్చాయి. ప్రేక్షకులు వాటిని చూసి విసుక్కున్నారు. ఆ రోజుల్లోనే భారతదేశంలో కూడా సామ్రాజ్యపు సినిమాలకు పెద్దపీట వేయించాలన్న ఆలోచన లండన్‌లో పుట్టింది. దీన్ని పరిశీలించడానికి 1927లో వేసిన విచారణ సంఘానికి మద్రాసు న్యాయవాది దివాన్ బహదూర్ టి.రంగాచారియార్ అధ్యక్షుడు. ఆ సంఘం దేశమంతా తిరిగి వందల మందిని విచారించి, 1928లో నివేదిక ఇచ్చింది. సామ్రాజ్యపు సినిమాలకు ప్రత్యేక రాయితీ అక్కర్లేదని తేల్చింది. అమెరికా సినిమా చెరుపు చేస్తుందనుకుంటే మరో పడమటి దేశపు సినిమా వచ్చినా చెరుపు తప్పదన్నది వాళ్ల వాదన. దేశీ నిర్మాతలకు అప్పులిచ్చి ఆదుకోండి అని సిఫారసు చేసింది. సర్కారు ఆ సిఫారసును పక్కన పడేసింది. అయినా ఆ నివేదిక విలువ తగ్గదు. తెల్లదొరల ప్రభుత్వమే వేసిన సంఘం, తెల్లదొరల సరుకుకు దారి వేయనన్నది. పదేళ్ల తర్వాత సామ్రాజ్యాన్ని పొగుడుతూ అలెగ్జాండర్ కోర్డా తీసిన ‘ది డ్రమ్’ బొంబాయికి వస్తే జనం వీధిలోకొచ్చి నిరసన తెలిపారు, దాన్ని తీసేయాల్సి వచ్చింది. అందులో ముఖ్యపాత్ర వేసిన సాబు మైసూరు కుర్రాడు. అయినా మన జనం కరగలేదు.

చట్టం దగ్గరికి వస్తే కథ తిరగబడుతుంది. బ్రిటన్‌లో 1909లో వచ్చిన సినిమాటోగ్రాఫ్ చట్టం నిప్పు భయంతో చేసింది. ఆ రోజుల్లో ఫిలిం నైట్రేటుతో తయారయ్యేది, ఇట్టే అంటుకునేది. హాలుకు లైసెన్సు ఇచ్చే అధికారం స్థానిక సంస్థలకు ఇస్తే, అవి మెల్లగా లోపల ఏ బొమ్మ ఆడుతోందో కూడా తేల్చడం మొదలుపెట్టాయి. ఊరికొక రకం సెన్సారు వస్తే వ్యాపారం దెబ్బతింటుందని భయపడి సినిమావాళ్లే 1912లో సొంతంగా ఒక సెన్సారు బోర్డు పెట్టుకున్నారు. అందరూ చూడదగ్గ సినిమాకు యూ, పెద్దలకు తగినదానికి ఏ అని రెండు గుర్తులు పెట్టారు. బోర్డు అధ్యక్షుడు టి.పి.ఓకానర్ సినిమాల్లో ఉండకూడనివి 43 అని ఒక చిట్టా ఇచ్చాడు. ఆ చిట్టాలో ఒకటి నేరుగా మనల్ని ఉద్దేశించింది. భారతదేశానికి సంబంధించిన కథల్లో బ్రిటిష్ అధికారులను చెడ్డగా చూపించకూడదు, సంస్థానాలు సర్కారుకు విధేయంగా లేవన్నట్టు సూచించకూడదు. లండన్‌లో ఎవరో తీసే సినిమాలో కూడా నిజాం రాజభక్తి మీద అనుమానం రాకూడదని రాసుకున్నారన్నమాట. ఇదే ధోరణిని 1918 చట్టం ద్వారా ఇక్కడికి తెచ్చారు. 1920లో బొంబాయి, కలకత్తా, మద్రాసు, రంగూన్లలో బోర్డులు పెట్టారు. తేడా గమనించాలి. వాళ్ల దేశంలో బోర్డు సినిమా పరిశ్రమది, ప్రభుత్వం దాన్ని దూరం నుంచి మాత్రమే చూసేది. మన దగ్గర బోర్డు సర్కారుది, మద్రాసులో దాని పెద్ద పోలీస్ కమిషనర్. తమ ఇంట్లో వ్యాపారుల చేతిలో పెట్టిన కత్తెరను ఇక్కడ పోలీసు చేతికిచ్చారు. నా దృష్టిలో తెలుగు సినిమా చరిత్రలో ఇంతకన్నా పెద్ద బ్రిటిష్ చర్య మరొకటి లేదు.

ఆ కత్తెర వెంటనే పని మొదలుపెట్టింది. 1921 నాటి ‘భక్త విదుర’లో విదురుడి వేషం గాంధీని పోలి ఉందని మద్రాసులో ఆ సినిమాను నిషేధించారు. మహాభారత కథ మీద రాజద్రోహం అనుమానం వచ్చింది. 1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన ‘రైతుబిడ్డ’ జమీందారీ దౌర్జన్యాన్ని చూపించింది. జమీందార్ల అభ్యంతరాల మీద అదీ నిషేధానికి గురైంది. ఆ సినిమా తీసిన సారథి సంస్థ వెనుక ఉన్నది చల్లపల్లి జమీందారే కావడం ఆ కాలపు విచిత్రం. కాబట్టి చట్టం కాపాడింది తెల్లదొరలను మాత్రమే కాదు, వాళ్ల నీడన ఉన్న నల్లదొరలను కూడా.

ఇక్కడ తెలంగాణ పాఠకుడికి ఒక ప్రశ్న రావాలి. మా ఇందూరు (నిజామాబాద్) జిల్లాలోని దొంకేశ్వర్, నందిపేట, ఆర్మూర్, గోదావరి పక్కన పసుపు పండించే ఈ ఊళ్లన్నీ అప్పుడు నిజాం రాజ్యంలోవి. ఇదే గోదావరి కింద రాజమండ్రిలో చెల్లిన 1918 చట్టం ఇక్కడ చెల్లలేదు. మరి ఇక్కడ సినిమా స్వేచ్ఛగా ఉందా? లేదు. బెంగాలీ కళాకారుడు ధీరేంద్రనాథ్ గంగూలీ 1922లో హైదరాబాదులో లోటస్ ఫిలిం కంపెనీ పెట్టి వరసగా మూకీలు తీశాడు, హాళ్లు నడిపాడు. 1924లో రజియా సుల్తానా కథతో బొంబాయిలో తీసిన సినిమాను ఆయన తన హాలులో ఆడించాడు. ముస్లిం రాణి ప్రేమకథ నిజాంకు నచ్చలేదు. గంగూలీ రాజ్యం విడిచి పొమ్మని హుకుం వచ్చింది. హైదరాబాదులో మొలకెత్తిన సినిమా నిర్మాణం అక్కడితో వాడిపోయింది. దీన్ని చూపించి, సెన్సారుకు బ్రిటిష్ వాళ్లను తప్పుపట్టడం దేనికి, మన రాజులు అంతకన్నా మొరటుగా చేశారు కదా అని వాదించవచ్చు. ఆ మాటలో నిజముంది. గంగూలీకి జరిగింది ‘రైతుబిడ్డ’కు జరిగినదానికన్నా దారుణం. సినిమాను ఆపడం కాదు, మనిషినే వెళ్లగొట్టారు. కానీ రెండింటి ఆయుష్షు వేరు. నిజాం ఫర్మానా ఒక మనిషి కోపం. 1948 సెప్టెంబరులో ఆ రాజ్యంతోపాటే అదీ పోయింది. బోర్డు అలా కాదు. దానికి దఫ్తరు ఉంది, నిబంధనలు ఉన్నాయి, ఫీజు ఉంది, అర్జీ ఫారం ఉంది. పాలకుడు మారినా దఫ్తరు తెల్లారి పది గంటలకు తెరుచుకుంటుంది. చట్టంగా మారిన అధికారం ఫర్మానా కన్నా మర్యాదగా కనిపిస్తుంది, అందుకే ఎక్కువ కాలం బతుకుతుంది. నిజాం రాజ్యం పోయాక మా ఇందూరు జిల్లాకు వచ్చింది సెన్సారు లేని సినిమా కాదు, మద్రాసు తరహా సెన్సారు.

స్వతంత్ర ప్రభుత్వం ఆ యంత్రాన్ని విప్పి చూడలేదు, నూనె వేసి నడిపింది. 1949లో ఏ, యూ అనే లండన్ గుర్తులను చట్టంలోకి తెచ్చారు. అక్కడ ఏ అంటే అప్పట్లో పెద్దల తోడుతో పిల్లలూ చూడవచ్చని అర్థం. ఇక్కడ పెద్దలకు మాత్రమే అని మరింత బిగించారు. 1952 చట్టంతో కేంద్ర బోర్డు పని దేశమంతటికీ స్థిరపడింది. హాలు లైసెన్సు రాష్ట్రాల చేతికి వచ్చింది. 1955 నాటి సినిమాల నియంత్రణ చట్టం కిందే తెలుగు రాష్ట్రాల్లో హాలు యజమాని ఇప్పటికీ బీ ఫారం కోసం అధికారి దగ్గరికి వెళ్తాడు. పెద్ద సినిమా వచ్చినప్పుడల్లా టికెట్ ధర పెంచుకోనివ్వాలని నిర్మాతలు సచివాలయం చుట్టూ తిరగడం కూడా ఈ లైసెన్సు వ్యవస్థలో భాగమే. నిప్పు భయంతో మొదలైన లైసెన్సు, సెల్యులాయిడ్ ఫిలిమే లేని ఈ కాలంలో టికెట్ ధరను నిర్ణయించే దాకా వచ్చింది. ఇంకో వారసత్వాన్ని యాభై దాటిన వాళ్లు గుర్తుపడతారు. ఏ సినిమాకు పోయినా ముందు న్యూస్ రీలు పడేది. రెండో ప్రపంచ యుద్ధ కాలంలో సర్కారు ప్రచారం కోసం 1940లో పెట్టిన ఫిలిం అడ్వయిజరీ బోర్డుకు చిత్రాలు తీయించడానికి బ్రిటన్ డాక్యుమెంటరీ రంగం నుంచి అలెగ్జాండర్ షాను పిలిపించారు. తర్వాత ప్రతి హాలూ ప్రభుత్వ చిత్రాలు వేసి తీరాలని యుద్ధకాలపు నిబంధన తెచ్చారు. యుద్ధం అయిపోయింది. 1948లో ఫిలింస్ డివిజన్ పుట్టింది, ఆ నిర్బంధమూ తిరిగొచ్చింది. టూరింగ్ టాకీసులో నేల టికెట్ కొన్న రైతు కూడా ఆనకట్టల ప్రారంభోత్సవాలు చూశాకే ఎన్టీ రామారావును చూడాల్సి వచ్చేది.

సినిమా వంటి బలమైన మాధ్యమానికి ఏదో ఒక అదుపు ఉండాలి కదా, అది బ్రిటిష్ వాళ్లు పెట్టారా మరొకరు పెట్టారా అన్నది ముఖ్యం కాదు అనే వాదన బలమైనది. సుప్రీంకోర్టు 1970లో దర్శకుడు కె.ఎ.అబ్బాస్ కేసులో సుమారుగా ఇదే చెప్పింది. కదిలే బొమ్మ పుస్తకం కన్నా గాఢంగా మనసును పట్టుకుంటుంది కాబట్టి ముందస్తు పరిశీలన చెల్లుతుందంది. పిల్లలకు ఏది తగునో చెప్పే గుర్తు ఉండటం మీద నాకు పేచీ లేదు. ఇంటి పెద్దలకు అది పనికొస్తుంది. పేచీ అంతా వయసు చెప్పే పనినీ నోరు మూసే పనినీ ఒకే బల్ల మీద పెట్టడంతోనే. కరీంనగర్‌లో పుట్టిన పైడి జైరాజ్ ఉదాహరణ చూడండి. 1929లో బొంబాయి చేరి మూకీల్లో నాయకుడై, 1980కి ఫాల్కే పురస్కారం అందుకున్న నటుడు ఆయన. గాంధీ హత్య కథతో 1963లో వచ్చిన ‘నైన్ అవర్స్ టు రామ’ అనే బ్రిటిష్ సినిమాలో జి.డి.బిర్లా పాత్ర వేశాడు. ఆ సినిమాను భారతదేశంలో నిషేధించారు. తెలంగాణ నటుడు బ్రిటిష్ సినిమాలో చేసిన పనిని, బ్రిటిష్ వాళ్లు వదిలివెళ్లిన అధికారమే మన కంట పడనివ్వలేదు. పిల్లల కోసం చేసిన నిర్ణయం కాదది.

ఈ ముడిని విప్పే ప్రయత్నం కూడా మన గడ్డ మీది మనిషే చేశాడు. సికింద్రాబాద్ తిరుమలగిరిలో పుట్టి, తెలంగాణ దొరతనం మీద ‘అంకుర్’ తీసిన శ్యామ్ బెనెగల్ అధ్యక్షతన 2016లో ఒక సంఘం నివేదిక ఇచ్చింది. బోర్డు ప్రధానంగా సినిమాకు వయసు గుర్తు వేసే సంస్థగా ఉండాలి, కత్తిరించే సంస్థగా ఉండకూడదు అన్నది దాని సారం. 2021లో బోర్డు నిర్ణయాల మీద అప్పీలు వినే ట్రిబ్యునల్‌ను రద్దు చేశారు. దాంతో చిన్న నిర్మాత కూడా హైకోర్టుకే పోవాల్సి వస్తోంది. 2023 సవరణ చట్టం, పెద్దల సలహాతో పిల్లలు చూడదగ్గ సినిమాకు వేసే యూఏ గుర్తును ఏడు, పదమూడు, పదహారు ఏళ్లుగా విడగొట్టింది. బెనెగల్ సంఘం అడిగిన సగం అది. కత్తెరను పక్కన పెట్టమన్న మిగతా సగం, 1928లో రంగాచారియార్ అడిగిన అప్పుల మాదిరే, ఢిల్లీ దఫ్తరులో కాగితం మీదే ఉంది.