ధిక్కారం

‘ధిక్’ అంటే ఛీ. ధిక్ అనడమే ధిక్కారం. మనుస్మృతి చెప్పిన నాలుగు రకాల శిక్షల్లో ‘ధిగ్దండం’ ఒకటి. తీర్పరి తప్పుచేసినవాణ్ణి ‘ఛీ’ అని గర్హించడమే అక్కడ దండన. ఇప్పుడు ఆ మాట శిక్ష నుంచి నేరానికి మారింది. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం సివిల్ ధిక్కారానికి ఛీకొట్టడం అక్కర్లేదంటుంది, ఆదేశాన్ని కావాలని పాటించకపోతే చాలు. గరిష్ఠంగా 6 నెలల జైలు, 2,000 రూపాయల జరిమానా. ధిక్కారం జరిగి ఏడాది దాటితే మాత్రం చర్య మొదలుపెట్టడానికి వీల్లేదు.

ఉద్యోగ నియామకాల కేసుల్లో అభ్యర్థులు ‘కంటెంప్ట్ వేశాం’ అంటారు. తీర్పు చేతికొచ్చి నెలలు గడిచినా నియామక పత్రం రాదు. ధిక్కార పిటిషన్ పడి, అధికారి స్వయంగా హాజరు కావాలని నోటీసు వెళ్లాక ఫైలు కదులుతుంది.

అసలు చిక్కు ‘పరిశీలించండి’ అనే మాటలో ఉంది. ‘ఉద్యోగం ఇవ్వండి’ అనకుండా ‘అభ్యర్థన పరిశీలించండి’ అని తీర్పు ముగిస్తే, శాఖ పరిశీలించి తిరస్కరిస్తుంది. కారణాలు రాసిన ఒక్క కాగితంతో ఆదేశం పాటించినట్టే! శాఖ ఇచ్చిన ఆ ఉత్తర్వు తప్పైనా ధిక్కారం కాదని, మళ్లీ కొత్త కేసు వేసుకోవాలని సుప్రీంకోర్టు 1996లో ఒక సీనియారిటీ వివాదంలో చెప్పింది. వయోపరిమితి దాటిపోతున్న అభ్యర్థికి ఇది అన్యాయమే. హక్కు తేలిన చోట కోర్టులు ‘ఇవ్వండి’ అనే రాయాలి, గడువు తేదీతో సహా.